నిద్రలో ఉన్న ఆటో మీటరుకు

మహారాజశ్రీ ఆటో మీటరు గారికి,

దసరానాటి పసుపు కుంకుమలు ఇంకా ఆరకుండా, ఎర్రగుడ్డ ముసుగు తన్ని, హ్యాండిల్ పక్కన మీరు సుఖంగా నిద్రపోతున్నారని తెలిసి సంతోషించాను.

అర్ధరాత్రి రైలు దిగి సికింద్రాబాద్ స్టేషన్ బయట నిలబడితే, ముక్కూ మొహం తెలియని ఇద్దరి మధ్య పెద్దమనిషిగా ఉండమని కదా ప్రభుత్వం మిమ్మల్ని అక్కడ కూర్చోబెట్టింది? ఆ పెద్దరికం మా నోళ్ల మీద పడింది.

"ఎక్కడికి సార్?"

"మెహదీపట్నం."

"ఐదు వందలు ఇవ్వండి."

"మీటరు మీద ఎంతవుతుందన్నా?"

కాలం చేసిన పెద్దాయన ఫొటో వంక చూసినట్టు ఇద్దరం మీ వంక చూశాం. ఆపైన యుద్ధం. "వచ్చేటప్పుడు ఖాళీగా రావాలి సార్" అన్నది అతని అస్త్రం. వెనక్కి తిరిగి నడిచిపోవడం నాది. పిలవకపోతే నా పరువు ఏమవుతుందో అతనికి బాగా తెలుసు. నాలుగో అడుగు దాకా ఆగి మరీ పిలిచాడు. 350కి కుదిరింది.

మీ లెక్క నాకు తెలియక కాదు. 2014 నాటి పట్టిక ప్రకారం మొదటి 1.6 కిలోమీటర్లకు 20 రూపాయలు, ఆపైన కిలోమీటరుకు 11. రాత్రి 11 నుంచి తెల్లవారుజామున 5 దాకా ఒకటిన్నర రెట్లు. పన్నెండు కిలోమీటర్లనుకుంటే సుమారు 200. ఆ డబ్బుకు వస్తే బండికి గ్యాసు పోయించాలో, ఇంటికి బియ్యం కొనాలో అతను తేల్చుకోవాలి. అందుకని అతన్ని తిట్టలేను. మిమ్మల్ని తిడదామంటే లేవరు.

పంజాగుట్ట దాటాక శత్రుత్వం చల్లారింది. ఊరు పాలమూరు వైపట, కూతురు ఇంటర్ చదువుతోందట. మీరే మేలుకొని ఉంటే దారి పొడవునా మీ ఎర్ర అంకెల మీదే నా ప్రాణం ఉండేది, అతనికి కూతురుందన్న సంగతే తెలిసేది కాదు. (ఇది మీకు యోగ్యతాపత్రం అనుకునేరు, కాదు.)

మీ ఉద్యోగం ఇప్పుడు ఫోన్లోని యాప్ చేస్తోంది. వాన చినుకు పడితే చాలు, దానికి ధర పెంచాలని బుద్ధి పుడుతుంది. కనీసం మీకు ఆ దురాశ లేదు, నిద్ర ఒక్కటే.

ఒక్క మనవి. సీలు వేయడానికి తూనికలు, కొలతల శాఖ వారు వచ్చిన రోజున మాత్రం కాస్త లేచి కూర్చోండి. హాజరు పడకపోతే పింఛను ఇబ్బంది.

ఇట్లు,
350 ఇచ్చి, చిల్లర లేదనిపించుకున్న ప్రయాణికుడు