బెంచీకి తొందరేముంది?

మా అపార్ట్‌మెంట్ గేటు బయట ఒక సిమెంటు బెంచీ వేయించమని పెద్దవాళ్లు అడిగి పద్నాలుగు నెలలైంది. ఇన్నాళ్లూ ఏం వెలగబెట్టారని కొందరు నిష్ఠూరమాడుతున్నారు. వయోమిత్ర కమిటీ కార్యదర్శిని కాబట్టి సంజాయిషీ నేనే చెప్పుకోవాలి.

మాది బెంగళూరులో మారతహళ్లి అవతల. మా బ్లాకుల్లో గుంటూరు, నెల్లూరు, అనంతపురం నుంచి వచ్చిన అమ్మానాన్నలు బోలెడుమంది. మనవణ్ని చూసుకోవడానికి రెండు నెలలుందామని వచ్చి, వాడికి ఆరో తరగతి వచ్చినా ఇంకా ఇక్కడే ఉన్నవాళ్లు. వీళ్ల ఊళ్లలో ఇంటిముందు అరుగులుండేవి. ఏ ఒప్పందమూ లేకుండా ఎవడో మేస్త్రీ కట్టిపారేసినవి. దారినపోయేవాళ్లు కూడా కూర్చునేవారట! అలాంటి అరాచకం మళ్లీ రానివ్వకూడదనే మా పట్టుదల.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2007లో వయోవృద్ధులకు అనువైన నగరాల మీద ఒక మార్గదర్శి వేసింది. 33 నగరాల్లో పెద్దవాళ్లను అడిగి రాశారు, మన దేశం నుంచి ఢిల్లీ, ఉదయపూర్ ఉన్నాయి. రవాణా, ఇల్లు, గౌరవం వగైరా ఎనిమిది అంశాలు. బయట కూర్చోవడానికి చోటుండాలని అందులో ఉంది, కాదనను. అయితే ఇలాంటి పనికి అందరూ చేతులు కలపాలని కూడా పెద్దలంటారు కదా. మేం చేతులు కలపడంతో మొదలుపెట్టాం. ఇంకా కలుపుతూనే ఉన్నాం.

మొదటి భాగస్వామి ఒక ఆస్పత్రి. ఉచితంగా బీపీ చూశారు, ఫోన్ నంబర్లు రాసుకున్నారు. అప్పట్నుంచి మోకాలి ఆపరేషన్ ప్యాకేజీ గురించి మా అమ్మకు రోజుకు మూడు ఫోన్లు. పెద్దవాళ్లను పలకరించే దిక్కు లేదని ఇకమీదట ఎవరూ అనలేరు. రెండో భాగస్వామి ఒక స్కూలు. పిల్లలు ఇంగ్లీషులో శుభాకాంక్షల కార్డులు రాసిచ్చారు. చదివిపెట్టమని తాతయ్యలు మళ్లీ ఆ పిల్లల దగ్గరికే వెళ్లారు. తరాల మధ్య వారధి అంటే ఇదే.

అక్టోబరు 1న, వృద్ధుల దినోత్సవం నాడు, ఘనంగా సన్మానం చేశాం. మైసూరు పేటా అనే తలపాగా, శాలువా, పళ్లబుట్ట. ఉన్న కుర్చీలన్నీ భాగస్వాములకే సరిపోయాయి. పెద్దవాళ్లు నలభై నిమిషాలు నిలబడి మరీ గౌరవం అందుకున్నారు.

సి బ్లాకులో రిటైరైన ఇంజనీరు గారొకరున్నారు, నెల్లూరాయన. ఒకరోజు టేపు పట్టుకుని గేటు బయటికెళ్లి ఫుట్‌పాత్ ఎత్తు కొలిచి వచ్చారు. "రోడ్లకు కొలతలు నిర్ణయించే ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ లెక్క ప్రకారం 150 మిల్లీమీటర్లు దాటకూడదు నాయనా, ఇక్కడ 260 ఉంది. దీన్ని ఎక్కేవాడికి బెంచీ అక్కర్లేదు, దిగేవాడికి అంబులెన్సు కావాలి" అన్నారు. ఆయన అనుభవాన్ని వృథా పోనివ్వలేదు. ఓటు హక్కు లేని ప్రత్యేక ఆహ్వానితుణ్ని చేశాం.

రవాణా మీద కూడా దృష్టి పెట్టాం. 2023 జూన్‌లో మొదలైన శక్తి పథకంలో కర్ణాటక ఆడవాళ్లకు సిటీ బస్సు ఉచితం. మా అమ్మ సంబరంగా ఆధార్ తీసి చూపించింది. చిరునామా గుంటూరు జిల్లా! కండక్టరు మర్యాదగా టికెట్ కొట్టి చేతిలో పెట్టాడు. ఉపసంఘం వేశాం. పెద్దల సహాయానికి 14567 నంబరుందని లిఫ్టులో నోటీసు కూడా అంటించాం. అక్షరాలు చిన్నవైపోయాయంటున్నారు. పక్కనున్న రియల్ ఎస్టేట్ భాగస్వామి ప్రకటనకు చోటు కావాలి మరి.

ఇంత జరుగుతుంటే గేటు ఎదురుగా కానుగ చెట్టు కింద ఇస్త్రీ బండతను ఏం చేశాడో తెలుసా? రెండు ప్లాస్టిక్ స్టూళ్లు, ఒక పాత కుర్చీ తెచ్చి పడేశాడు. మందుల షాపు కుర్రాడు అక్కడికే మాత్రలు తెచ్చిస్తున్నాడు. ఆటోవాళ్లు బండిని కుర్చీ పక్కకే తెచ్చి ఆపుతున్నారు. కూరల బండమ్మ బీరకాయలు అక్కడే తూస్తోంది. ఏడుగురెనిమిదిమంది పెద్దవాళ్లు పొద్దున్నా సాయంత్రం అక్కడే మకాం. మా అమ్మతో సహా. ఎంఓయూ అనే ఒప్పంద పత్రం లేదు, బ్యానరు లేదు, ఒక్క ఫొటో కూడా లేదు. దీన్ని భాగస్వామ్యమని ఎవరంటారు?

ఫుట్‌పాత్ ఆక్రమణ కింద నోటీసు ఇవ్వాలని కమిటీ ఏకగ్రీవంగా తీర్మానించింది. కార్యదర్శి హోదాలో నేనే తీసుకెళ్లాను. ఫుట్‌పాత్ ఎక్కేటప్పటికి కాస్త ఆయాసమొచ్చింది.

ఇస్త్రీ పెట్టె పక్కన పెట్టి, అతను కాగితం వంక కాకుండా నా కాలి వంక చూశాడు. "ఇట్లా కూర్చోండి సార్. మీరూ మోకాలు పట్టుకునే ఎక్కుతున్నారు" అంటూ స్టూలు జరిపాడు.

కూర్చున్నాను. పది నిమిషాలే. మినిట్స్‌లో రాయలేదు.