పుట్టిన ఏడాదితో తరం తూకమా?

అమెరికాలో 1946-64 మధ్య పుట్టిన ‘బేబీ బూమర్ల’లో పెద్దవారు ఎనభయ్యో ఏటికి చేరారు. 2030 నాటికి ఆ తరమంతా 65 నిండినవారే. వారి వైద్యం, పింఛన్ల భారం ఎవరు మోయాలన్నది అక్కడి చర్చ. ‘బూమర్’ అన్న మాట మన సెల్‌ఫోన్లలోకి మాత్రం తిట్టుగా దిగింది. నచ్చని సలహా ఇచ్చిన పెద్దాయన ఎవరైనా సరే, ‘బూమర్ అంకుల్’ అయిపోతున్నాడు.

ఆ పేరు గాలిలోంచి పుట్టలేదు. రెండో ప్రపంచ యుద్ధం ముగిసి సైనికులు ఇళ్లకు చేరాక అమెరికాలో కాన్పులు ఒక్కసారిగా పెరిగాయి. 1945లో 28 లక్షల పైచిలుకు ఉన్న జననాలు మరుసటి ఏడాదికే 34 లక్షలు, 1957 నాటికి 43 లక్షలు అయ్యాయి. 1965లో 40 లక్షల దిగువకు జారాయి. ఆ తరానికి 1946-64 అన్న హద్దులు అలా వచ్చాయి. ఆసుపత్రి పడకలు, బడి గదులు చాలని రోజులవి. జనాభా లెక్కల్లో కనిపించే నిజమది.

అయితే లెక్క ఒకటైనంత మాత్రాన బతుకులు ఒకటి కావు. 1969 డిసెంబరు 1న వియత్నాం యుద్ధానికి యువకులను ఎంపిక చేసేందుకు 366 పుట్టినరోజుల చీటీలను నీలి గొట్టాల్లో పెట్టి, గాజు జాడీలోంచి ఒక్కొక్కటీ తీశారు. ముందు వచ్చిన తేదీవారికే ముందు పిలుపు. తొలి చీటీ సెప్టెంబరు 14. ఆ తేదీన 1950లో పుట్టినవాడికి గుండె ఆగినంత పని. 1964లో పుట్టినవాడికి అప్పటికి అయిదేళ్లు. అతను పెద్దవాడయ్యేసరికి ఆ నిర్బంధ సైనిక సేవే లేదు. ఇద్దరూ బూమర్లే! న్యూయార్క్ శివార్లలో చవకగా ఇళ్లు కట్టిన లెవిట్‌టౌన్‌లో నల్లజాతి కుటుంబాలకు తలుపులు మూశారు. బూమర్లకు అన్నీ అమరాయనేవారు ఈ సంగతి మరవకూడదు.

తర్వాతి తరాల పేర్లకు ఆపాటి జనన లెక్కల ఆధారమూ లేదు. బూమర్ల వెనకటి తరానికి పెట్టిన ‘జనరేషన్ ఎక్స్’ అన్న పేరు 1991 నాటి నవలతో వ్యాపించింది. మిగతావాటిని రచయితలు, ప్రకటనల సంస్థలు ప్రచారంలో పెట్టాయి. ఈ ముద్రలు మానాలని సామాజిక శాస్త్రవేత్తలు అమెరికాలో సర్వేలు చేసే ప్యూ పరిశోధన కేంద్రానికి 2021లో బహిరంగ లేఖ రాశారు. వీటిని ఆచితూచి వాడతామని ఆ సంస్థ 2023లో ప్రకటించింది. యవ్వనంలో కలిసి ఎదుర్కొన్న ఘటనలే తరాన్ని తీర్చుతాయని సామాజిక శాస్త్రవేత్త కార్ల్ మన్‌హైమ్ 1928లోనే వివరించాడు.

ఆ లెక్కన మనకు సొంత గుర్తులున్నాయి. 1969లో ప్రత్యేక తెలంగాణ కోసం, 1972లో జై ఆంధ్ర కోసం తరగతులు వదిలి వీధికెక్కిన విద్యార్థులు ఆ ఉద్యమాల తరమే. 1951 ప్రాంతంలో మన దేశంలో సగటు ఆయుర్దాయం 32 ఏళ్లు. ఆ కరవు రోజుల్లో పుట్టి పెరిగినవారికి అమెరికా సంపన్న కాలపు బిళ్ల అంటించడం అన్యాయం. పత్రికలు, సర్వేలు, ఉద్యోగాలిచ్చే సంస్థలు వయసు చెప్పాల్సిన చోట వయసే చెప్పాలి. పింఛను, పని, వైద్యం గురించి మాట్లాడేటప్పుడు ఆదాయం, కులం, ఊరు కూడా చూడాలి.