అర్హతకు యూజీసీ, జీతానికి మాత్రం జీవో

గుజరాత్ ప్రభుత్వ ఇంజినీరింగ్ కాలేజీల్లో కాంట్రాక్టు మీద పనిచేసే అసిస్టెంట్ ప్రొఫెసర్‌కు నెలకు 30,000 రూపాయలిచ్చేవారు. అదే పాఠం చెప్పే అడ్‌హాక్ (తాత్కాలిక నియామకం) ఆయనకు దాదాపు 1,16,000, రెగ్యులర్ ఆయనకు దాదాపు 1,36,000. 2025 ఆగస్టులో ఈ లెక్కలు చూసిన సుప్రీంకోర్టు, సభల్లో గురుర్బ్రహ్మ గురుర్విష్ణుః అని శ్లోకం చదివేసి ఊరుకుంటే చాలదని గట్టిగానే చెప్పి, కాంట్రాక్టు వాళ్లకు రెగ్యులర్ పోస్టు జీతపు స్కేలులో కనీస మొత్తమైనా ఇవ్వాలని ఆదేశించింది. మంచి తీర్పు. కానీ తాత్కాలిక ఉద్యోగులు రెగ్యులర్ వాళ్ల పనే చేస్తుంటే వాళ్లకు కనీస స్కేలు ఇవ్వాలని పంజాబ్ కేసులో ఇదే కోర్టు 2016లోనే చెప్పింది కదా! తొమ్మిదేళ్ల తర్వాత మళ్లీ వీళ్లెందుకు కోర్టు మెట్లెక్కాల్సి వచ్చింది?

అర్హతల దగ్గర మాత్రం ఎవరూ ఇంత తీరుబడిగా ఉండరు. 2009కి ముందు పీహెచ్‌డీ చేసినవాళ్ల సంగతే చూడండి. లెక్చరర్ పోస్టుకు నెట్ (జాతీయ అర్హత పరీక్ష) అక్కర్లేదన్న మాట నమ్మి థీసిస్ పూర్తి చేశారు, తర్వాత నిబంధన మారి నెట్ కావాలన్నారు. 2015లో సుశీల కేసులో సుప్రీంకోర్టు మారిన నిబంధననే సమర్థించింది, పాత మినహాయింపు మీద ఆశ పెట్టుకున్నంత మాత్రాన హక్కు రాదంది. మరుసటి ఏడాదే, అధ్యాపకుల అర్హతలు నిర్ణయించే యూజీసీ (విశ్వవిద్యాలయ నిధుల సంఘం) వచ్చి ఓపెన్ వైవా (బహిరంగ మౌఖిక పరీక్ష), బయటి ఎగ్జామినర్లు, రెండు పరిశోధన పత్రాలు వంటి షరతులు పెట్టి వాళ్లలో కొందరికి సడలింపు ఇచ్చింది. ఇక 2018లో యూనివర్సిటీ అసిస్టెంట్ ప్రొఫెసర్‌కు పీహెచ్‌డీ తప్పనిసరి అన్నారు, అమలు 2021 నుంచి 2023కి జరిపారు, చివరికి అదీ ఎత్తేశారు. ఈలోపు ఉద్యోగం వదిలి, అప్పు చేసి పీహెచ్‌డీలో చేరినవాళ్ల టెన్షన్ ఎవరికి పట్టింది?

అర్హతలు కఠినంగా ఉండకూడదని నేను అనడం లేదు. 2025 ఏప్రిల్‌లో ఇంజినీరింగ్ కాలేజీల మీద మరో కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు నాకు న్యాయంగానే అనిపించింది. సాంకేతిక విద్యను నియంత్రించే ఏఐసీటీఈ 2000 మార్చి 15న ఇచ్చిన నోటిఫికేషన్‌కు ముందు చేరినవాళ్లకు పీహెచ్‌డీ లేకపోయినా పై స్కేలు ఇవ్వాలని, ఆ తర్వాత చేరి, ఏడేళ్ల గడువులోపు పీహెచ్‌డీ తెచ్చుకోనివాళ్లకు కుదరదని తేల్చింది. చేరేనాటికి షరతు తెలుసు కాబట్టి దాన్ని పాటించమనడంలో తప్పులేదు.

నాకు మింగుడుపడనిది జీతం దగ్గర మాట మారిపోవడం. యూజీసీ రెగ్యులేషన్లలో అర్హతలూ ఉంటాయి, స్కేళ్లూ ఉంటాయి, అయినా రాష్ట్రాలు మొదటి సగాన్ని శాసనంలా, రెండో సగాన్ని సలహాలా చదువుకుంటాయి. రాష్ట్రం స్వీకరించనిదే ఆ రెగ్యులేషన్లు దానికి వర్తించవని మదురై కామరాజ్ యూనివర్సిటీ వైస్ ఛాన్సలర్ కేసులో 2015లో సుప్రీంకోర్టే అనడం వాళ్లకు బాగా కలిసొచ్చింది. డబ్బు సంగతీ ఉందనుకోండి. ఆరో వేతన సవరణకు అదనపు భారంలో 80 శాతం భరించిన కేంద్రం ఏడో దానికి 50 శాతమే ఇస్తానంది, అదీ 2019 మార్చి వరకే. రాష్ట్రాల ఇబ్బంది నిజమే. కానీ ఆ ఇబ్బందినంతా కాంట్రాక్టు లెక్చరర్ ఒక్కడే తన ఇంటి ఖర్చులో సర్దుకోవాలా? నెట్, సెట్ (రాష్ట్ర అర్హత పరీక్ష), పీహెచ్‌డీ ఏదీ తగ్గకూడదని నోటిఫికేషన్‌లో రాసినవాళ్లే ఏడో వేతన సవరణ ప్రకారం 57,700 బేసిక్ అడిగితే నిధులు లేవంటారు.

మన దగ్గరా ఇదే వరస. తెలంగాణలో 2023లో కాంట్రాక్టు లెక్చరర్లను క్రమబద్ధీకరించారు. అందుకు ఆధారమైన, ఉద్యోగ నియామకాల చట్టంలోని సెక్షన్ 10-ఏను 2024 నవంబరులో హైకోర్టు కొట్టేసింది, అప్పటికే రెగ్యులర్ అయినవాళ్లను మాత్రం కదిలించలేదు. ఆ జాబితాలోకి రాని యూనివర్సిటీ కాంట్రాక్టు అధ్యాపకులు 2025లో రోడ్డెక్కారు. గెస్ట్ ఫ్యాకల్టీ పరిస్థితి ఇంకా దారుణం, రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ వాళ్లకు పీరియడ్ లెక్కన కట్టిస్తారు, సెలవులొస్తే ఆదాయం లేదు.

స్కేలు ఎంతో నియామకపు ఉత్తర్వులోనే రాసి, కనీస స్కేలు ఇవ్వలేని పోస్టుకు పూర్తి అర్హతలు అడగకూడదని నిబంధన పెడితే ఈ కేసుల్లో చాలా వరకు పుట్టవు. ఇప్పుడైతే గెలిచినా దక్కేది కొంతే. గుజరాత్ కేసులో 8 శాతం వడ్డీతో ఏరియర్స్ ఇవ్వమన్నారు, అయితే పిటిషన్ వేయడానికి మూడేళ్ల ముందు నుంచి మాత్రమే. అంతకుముందు 30,000తో గడిపిన ఏళ్ల డబ్బు వాళ్లకు ఇక రాదు.