చేపలు తేలితేనే చెరువు చచ్చినట్టా?

2017 అక్టోబర్‌లో సంగారెడ్డి జిల్లా గండిగూడెం చెరువులో చేపలు కుప్పలుగా చచ్చి తేలాయి. అలాంటప్పుడు ఏం జరుగుతుందో మందుల ఫ్యాక్టరీలున్న పటాన్‌చెరు, బొల్లారం చుట్టుపక్కల ఊళ్లకు కొత్తగా చెప్పక్కర్లేదు. టీవీ వాళ్లు వస్తారు. కాలుష్య నియంత్రణ మండలి (పీసీబీ) వాళ్లు సీసాల్లో నీళ్లు పట్టుకెళ్తారు. మత్స్యకారుల సొసైటీ వాళ్లు నష్టపరిహారం అడుగుతారు. వారం తిరిగేసరికి అందరూ మర్చిపోతారు.

చేపలు ఎక్కువగా తేలేది తెల్లవారుజామున. పగలు నాచు ఆక్సిజన్ వదులుతుంది. రాత్రయితే అదే నాచు, అడుగున కుళ్లుతున్న చెత్త కలిసి ఉన్న ఆక్సిజన్‌ను లాగేస్తాయి. ముందు బొచ్చెలు, రవ్వలు పైకొచ్చి నోళ్లు తెరుస్తాయి. కొర్రమీను గాలి పీల్చగలదు కాబట్టి ఇంకాస్త తట్టుకుంటుంది. అది కూడా వెల్లకిలా తేలిందంటే ఊపిరాడకపోవడం ఒక్కటే కారణం కాదు, నీళ్లలో ఇంకేదో కలిసిందని అనుమానించాల్సిందే.

చచ్చిన చేపతో ఒక మేలుంది, కనీసం అది వార్తవుతుంది. నాకు టెన్షన్ చావని వాటి గురించే.

2007లో స్వీడన్‌లోని గోథెన్‌బర్గ్ యూనివర్సిటీకి చెందిన యోకిమ్ లార్సన్ బృందం పటాన్‌చెరు ఉమ్మడి శుద్ధి కేంద్రం నీళ్లపై ఒక అధ్యయనం ప్రచురించింది. దాదాపు 90 మందుల కంపెనీల వ్యర్థజలాలు అప్పట్లో అక్కడికే చేరేవి. శుద్ధి అయ్యాక బయటికొచ్చే నీళ్లలో, లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా సిప్రోఫ్లోక్సాసిన్ (సిప్రో) అనే యాంటీబయాటిక్ దొరికింది. రోజుకు సుమారు 45 కిలోలు. అప్పట్లో 90 లక్షల జనాభా ఉన్న స్వీడన్ మొత్తం ఐదు రోజుల్లో మింగే సిప్రో అది. 2009లో వచ్చిన మరో అధ్యయనం ఆ ప్రాంతపు చెరువులను పరీక్షించింది. రెండు చెరువుల్లో సిప్రోతో పాటు అలర్జీకి వేసుకునే సెట్రిజిన్ కూడా, మాత్ర వేసుకున్న మనిషి రక్తంలో ఉండే మోతాదును మించి ఉంది. డాక్టర్ చీటీ లేకుండా చెరువుకు చెరువే కోర్సు వాడుతోందన్నమాట.

ఆ నీళ్లు ప్రాణుల్ని ఏం చేస్తాయో తోకకప్పలపై చేసిన ప్రయోగం చూపించింది. ఆ శుద్ధి కేంద్రం నీళ్లను 0.2 శాతం కలిపితే, అంటే 500 లీటర్ల డ్రమ్ములో ఒక్క లీటరు పోస్తే, తోకకప్పల ఎదుగుదల 40 శాతం తగ్గింది. ప్రయోగశాలలో అదొక అంకె. కుంటలో అయితే లెక్క వేరు. వాన నీళ్లు ఇంకిపోయేలోపు తోకకప్ప కప్ప అయి గట్టెక్కాలి. ఎదుగుదల వెనకబడితే అది కుంటతోపాటే ఎండిపోతుంది. ఆ తర్వాత వరిలో పురుగుల్ని తినే కప్పలు తగ్గుతాయి, కప్పల కోసం గట్టున నిలబడే కొంగకు తిండి తగ్గుతుంది. వీటిలో ఏదీ తేలదు, కంపు కొట్టదు. ఏ కెమెరాకూ దొరకదు.

ఇక కంటికి కనిపించని బ్యాక్టీరియా సంగతి. వ్యర్థజలాన్ని శుద్ధి చేసేదే బ్యాక్టీరియా. దాని పని సాగడానికి పటాన్‌చెరులో ఇళ్ల మురుగు నీళ్లు కూడా తెచ్చి కలిపేవారు. ఒకే తొట్టిలో ఇటు మనిషి పేగుల్లోంచి వచ్చిన సూక్ష్మజీవులు, అటు వాటిని చంపే మందు. బతికి బయటపడేవి మందుకు లొంగనివే. మొండి సూక్ష్మజీవుల్ని పెంచడానికి ఎవరైనా పనిగట్టుకుని ఫారం పెట్టినా ఇంతకంటే బాగా కుదరదు. 2014లో వచ్చిన ఒక అధ్యయనంలో ఆ ప్రాంతంలోని ఖాజీపల్లి చెరువు మట్టిని పరీక్షిస్తే, మందుల్ని తట్టుకునే జన్యువులు ఒక స్వీడన్ సరస్సుతో పోల్చితే దాదాపు 7 వేల రెట్లు ఎక్కువగా కనిపించాయి. ఈలోపు ఆ శుద్ధి కేంద్రం నీళ్లను పైపులైన్‌తో అంబర్‌పేటకు, అక్కణ్నుంచి మూసీకి మళ్లించారు. అడ్రస్ మారింది, అంతే.

ఫ్యాక్టరీలు మూసేయమని నేను అనడం లేదు. ఇక్కడి మందులు ప్రపంచమంతా వాడుతోంది, వేల కుటుంబాలు వీటిమీదే బతుకుతున్నాయి. మాత్ర చవగ్గా ఎందుకు దొరుకుతోందో, ఆ తేడా ఎవరి చెరువు కడుతోందో కొనే దేశాలు కూడా అడగాలి కదా. ముందు మన ఇంటి సంగతి చూద్దాం. 2020 జనవరిలో కేంద్ర పర్యావరణ శాఖ మందుల కంపెనీల వ్యర్థాల్లో యాంటీబయాటిక్స్‌కు పరిమితులు పెడుతూ ముసాయిదా ఇచ్చింది. 2021 ఆగస్టులో తుది నోటిఫికేషన్ వచ్చేసరికి ఆ పరిమితులు ఎగిరిపోయాయి.

కాబట్టి రేపు ఏ చెరువులోనైనా మళ్లీ చేపలు తేలితే, గట్టు మీద నింపిన సీసా ల్యాబ్‌కు వెళ్తుంది. నీళ్లలో ఆమ్లం ఎంతో చూస్తారు, మురికి ఎంతో చెప్పే బీఓడీ, సీఓడీ చూస్తారు, ఉప్పులు చూస్తారు. సిప్రో ఎంతుందో తేలినా, ఇంతకు మించకూడదని చెప్పే గీత ఆ నోటిఫికేషన్‌లో ఎక్కడా లేదు.