సవరణ: గుహ శ్రుతి గురించి

నా కథాలోకంలోని ‘గాలిశ్రుతి’ సిద్ధాంతం (గాలి వీస్తే గుహలు, తీగలు ఏ స్వరం పలుకుతాయో చెప్పేది) గురించి మొన్న రాస్తూ, గాలి వేగం రెట్టింపైతే కొండగుహ స్వరపు శ్రుతి (సెకనుకు ఎన్ని కంపనాలన్నది) కూడా రెట్టింపవుతుందన్నాను. తప్పు. అది తీగకు చెల్లే లెక్క: 2 మిల్లీమీటర్ల తీగ మీద సెకనుకు 10 మీటర్ల గాలి వీస్తే సుమారు 1000 హెర్ట్జ్ (సెకనుకు 1000 కంపనాలు) పలుకుతుంది, వేగంతోపాటే పెరుగుతుంది. గుహ శ్రుతి మాత్రం లోపల పట్టే గాలిని, మూతి కొలతను బట్టి ఉంటుంది.

పర్లాకిమిడిలో మా పెరట్లో ఖాళీ సీసా మూతి మీద ఊది చూశాను. గట్టిగా ఊదితే హోరు పెరిగింది గానీ శ్రుతి దాదాపు కదల్లేదు. సగం నీళ్లు పోశాక శ్రుతి హెచ్చింది. (‘ఈ వయసులో ఈలలేంట్రా’ అంది అమ్మ.)

కాబట్టి వానాకాలం నీరు చేరిన గుహలే హెచ్చు శ్రుతిలో పాడతాయి. నా కథలో పూజారి తుఫాను వేగాన్ని స్వరం విని పసిగట్టే ఘట్టాన్ని గుహ నుంచి వంతెన తీగల దగ్గరికి మార్చాను.