అద్దాల మేడను నిలబెట్టింది లోపలి గోడలే

డెర్బీషైర్‌లోని హార్డ్‌విక్ హాల్ గురించి ఇంగ్లండ్‌లో ఒక నానుడి ఉంది: అక్కడ గోడ కన్నా గాజే ఎక్కువట. వెళ్లినవాళ్లంతా ఆ కిటికీలనే మెచ్చుకుంటారు. నిజానికి మెచ్చుకోవలసింది వాటి వెనకున్న గోడల్ని.

ష్రూస్‌బరీ కౌంటెస్ బెస్ 1590లో పునాది వేయించి 1597లో గృహప్రవేశం చేసిన మేడ ఇది. నక్షా రాబర్ట్ స్మిత్‌సన్‌దని చరిత్రకారుల అంచనా. అప్పట్లో గాజు ఖరీదైన సరుకు. పైగా పెద్ద పలకలు దొరికేవి కావు. చిన్న ముక్కల్ని సీసపు పట్టీలతో కూర్చి ఒక్కో కిటికీ నింపేవారు. బయటి గోడంతా ఇలా గాజుకే ఇచ్చేస్తే పొయ్యిలు, పొగగొట్టాలు ఎక్కడ పెట్టాలి? చాలావాటిని మందపాటి లోపలి గోడల్లోకి తెచ్చారు. దాంతో బయటి గోడ బలం తగ్గకుండానే కిటికీలు పెరిగాయి. అంతస్తు పెరిగేకొద్దీ గది ఎత్తూ పెరుగుతుంది: కింద పనివాళ్లు, మధ్యలో కుటుంబం, పైన దర్బారు గదులు. పైకప్పు అంచున ఆరు బురుజుల మీద ఆమె పేరులోని పొడి అక్షరాలు రాతిలో చెక్కి ఉంటాయి.

ఇంత గాజున్న ఎత్తైన గదిలో చలి ఆగదు. అందుకే గోడలకు అల్లిక తెరలు. 1592లో బెస్, బైబిల్ వీరుడు గిడియన్ కథ అల్లిన 13 తెరల్ని ఎలిజబెత్ రాణి మంత్రి సర్ క్రిస్టఫర్ హాటన్ వారసుడి దగ్గర కొంది. వాటి మీది హాటన్ వంశచిహ్నాలను తన చిహ్నాలతో కప్పించింది.

వాటికి చేటు తెచ్చిందీ ఈ కిటికీలే. వెలుతురు చేసే నష్టం రోజురోజుకూ పోగవుతుంది, వెనక్కి రాదు. ఆకుపచ్చ కోసం నీలంతో కలిపిన, మొక్కల నుంచి తీసిన పసుపు రంగు ముందు వెలిసిపోతుంది, నీలం మిగులుతుంది. పాత అల్లికల్లో చెట్లు నీలంగా కనిపించేది అందుకే. తెర తిప్పి వెనక వైపు చూస్తే అసలు ఆకుపచ్చ ఇంకా ఉంటుంది. ఆ 13 తెరల మరమ్మతుకు 24 ఏళ్లు పట్టింది, 2023లో ముగిసింది.

గదులు చీకటిగా ఉన్నాయని సందర్శకులు విసుక్కోవడం సహజమే. కానీ పాత వస్త్రాలకు వెలుతురు 50 లక్స్ (కాంతి కొలమానం) దాటకూడదన్నది సంరక్షకుల లెక్క. కిటికీలకు తెరలు దించి ఉంచడమే సరైన పని. గాజు అందం చూడాలంటే పొద్దు వాలాక పడమటి ముఖం ముందు, ఆరుబయట నిలబడాలి.