వేలంపాటలో ఆడపిల్లలు: ఆ బొమ్మ ఏ కాలానిది?

ఇప్పటి ఇరాక్‌లో ఉండిన పురాతన నగరం బాబిలోన్‌లో పెళ్లిళ్ల గురించి నెట్‌లో వెతికితే తరచూ ఎదురయ్యే బొమ్మ ఒకటుంది. పేరు 'బాబిలోనియన్ మ్యారేజ్ మార్కెట్'. బ్రిటిష్ చిత్రకారుడు ఎడ్విన్ లాంగ్ 1875లో వేశాడు. దాన్ని అప్పటి బాబిలోన్‌కి సాక్ష్యంలా వాడేస్తుంటే నాకు బాధగా ఉంటుంది.

బొమ్మలోని వేలం కథకు మూలం క్రీ.పూ. ఐదో శతాబ్దపు గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్. ఏడాదికోసారి ఊళ్లోని పెళ్లీడు పిల్లలందర్నీ ఒకచోట చేర్చి, అందరికన్నా అందగత్తెతో మొదలుపెట్టి వేలం వేసేవారట. అలా వచ్చిన సొమ్మును అందం లేదని మిగిలిపోయిన పిల్లలకు కట్నంగా ఇచ్చేవారట. కన్యాశుల్కం, వరకట్నం రెండూ ఒకే పందిట్లో అన్నమాట! బాబిలోనియన్ల ఆచారాల్లో ఇదే తెలివైనదని హెరొడోటస్ మెచ్చుకున్నాడు, తన కాలానికే అది పోయిందనీ రాశాడు. తవ్వకాల్లో దొరికిన మట్టి పలకల మీది పెళ్లి ఒప్పందాలు మాత్రం వేరే మాట చెబుతాయి. వాటిలో రెండు కుటుంబాలు కుదుర్చుకున్న సంబంధాలు, కూతురి వెంట పంపిన కట్నాలే ఉన్నాయి.

అయినా బొమ్మ నమ్మిస్తుంది. లాంగ్ బ్రిటిష్ మ్యూజియంలోని, బాబిలోన్ పొరుగు రాజ్యమైన అసీరియా పురావస్తువులు చూసి అలంకరణ వివరాలు దించాడు. సామాన్లు అసలువి కావడంతో వేలం కూడా అసలుదే అనిపిస్తుంది.

బొమ్మలో అరుగు మీద నిలబడ్డ అమ్మాయి వీపు మనవైపు ఉంది. ఆమె ముఖం కొనేవాళ్లకే కనిపిస్తుంది. మనకు కనిపించేవి తమ వంతు కోసం ముందు వరుసలో నేల మీద కూర్చున్నవాళ్ల ముఖాలు. ఒకామె అద్దంలో చూసుకుంటోంది, ఒకామె చేతుల్లో ముఖం దాచుకుంది, మరొకామె నేరుగా మనవైపే చూస్తోంది. ఆ చూపు ముందు మనమూ బేరానికి వచ్చినవాళ్లలా నిలబడిపోతాం. లాంగ్ ప్రతిభ నాకు ఇక్కడే కనిపిస్తుంది.

అప్పటి లండన్ పెద్దింటి పెళ్లిళ్లలోనూ ఆస్తి, అంతస్తు చూసే సంబంధం ఖాయం చేసేవారు. ఇంగ్లండ్‌లో పెళ్లయిన స్త్రీ తన ఆస్తిని తన పేర పూర్తిగా ఉంచుకునే హక్కు 1882 నాటి చట్టంతోగానీ రాలేదు. ఆ ఏడాదే ఈ బొమ్మ కూడా వేలానికి వచ్చింది. మాత్రలు, లేపనాలు అమ్మి కోట్లు గడించిన థామస్ హాలోవే 6,615 పౌండ్లకు పాడుకున్నాడు. బతికున్న బ్రిటిష్ చిత్రకారుడి బొమ్మకు అప్పటికి అదే రికార్డు ధర. ఆయన కొన్నది తాను కట్టిస్తున్న మహిళా కళాశాల గ్యాలరీ కోసం! 1886లో విక్టోరియా రాణి ఆ కాలేజీని ప్రారంభించింది.

చదువుకోవడానికి వచ్చిన అమ్మాయిల కళ్ల ముందు బొమ్మలోని ఆ అమ్మాయిల వరుస ఉండటం మంచిదే, దించేయాలని నేననను. మన వెబ్‌సైట్లు, పాఠాలు దాన్ని వాడుకున్నప్పుడు కింద 'ఎడ్విన్ లాంగ్, లండన్, 1875' అని వేస్తే చాలు.